వార్తలు చదివే ఆడమనిషికి వయసు రాకూడదా?

సంపాదకుల వారికి,

పోయిన వారం మీ ఉత్తరాల పేజీలో ఒక పాఠకుడు, టీవీ వార్తల్లో కొత్త మొహాలు రావాలి, నలభై దాటిన ఆడ యాంకర్లను రోజూ చూడలేకపోతున్నాం అని రాశారు. మగవాళ్ళ గురించి మాత్రం ఒక్క ముక్క లేదు. జుట్టుకు రంగేసుకొని ఏళ్ళ తరబడి అదే కుర్చీలో కూర్చొని బల్ల గుద్దేవాళ్ళు ఆయన కళ్ళకు పాతబడలేదు కాబోలు. ఆ ఉత్తరం చదివినప్పటి నుంచి నాకు కడుపులో మండుతానే ఉంది, అందుకే రాస్తున్నాను, కాస్త పొడుగైనా వేయండి.

ముందు నా సంగతి చెప్పుకోవాలి. కడపలో ఒక లోకల్ కేబుల్ చానెల్లో ఆరేళ్ళు వార్తలు చదివాను. మా వార్తలంటే ఏముంటాయి, ఏ వీధికి నీళ్ళు రాలేదు, మార్కెట్ యార్డులో పసుపు ధర ఎంత పలికింది, ఏడురోడ్ల దగ్గర ట్రాఫిక్, దేవుని కడప బ్రహ్మోత్సవాలు, పెద్ద దర్గా ఉరుసు, ఇవే. వాళ్ళిచ్చే జీతం చీరలకూ ఇస్త్రీకీ సరిపోయేది. అయినా కూరగాయలు కొనడానికి పోతే "వార్తలమ్మ వచ్చింది" అని కొసరు ఎక్కువేసేవాళ్ళు, అది బాగుండేది. పెళ్ళయ్యింది, పాప పుట్టింది, ఏడాది తర్వాత మళ్ళీ పోతే మేనేజరు నన్ను పైనుంచి కిందికి చూసి "మొహం కొంచెం ఉబ్బింది మేడం, తర్వాత చూద్దాం" అన్నాడు. అప్పటికి నాకు 31 ఏళ్ళు. ఆయన ఇంకా చూస్తానే ఉన్నాడు.

మా తమ్ముడు జర్మనీలో హాంబర్గ్‌లో పనిచేస్తాడు. రెండేళ్ళ కిందట అమ్మను తీసుకొని పోయి నెలన్నర ఉన్నాను. అక్కడ రాత్రి 8 గంటలకు టాగెస్‌షౌ అని వార్తలు వస్తాయి, గంట కొట్టినట్టు ఒక చప్పుడు, ఆ వెంటనే మొదలు, సరిగ్గా 15 నిమిషాల్లో అయిపోతాయి. 1952 నుంచి ఆ ఊరి నుంచే వస్తున్నాయట. నాకు జర్మన్ ముక్క రాదు, అయినా నోరు తెరుచుకొని చూశాను, ఎందుకంటే చదువుతున్నది అరవై దాటిన ఆవిడ. సుజానె డౌబ్నర్ అని, 1961లో పుట్టింది, 1999 నుంచి అక్కడే చదువుతోంది. అరుపుల్లేవు, వెనక డప్పుల్లేవు, తెర మీద మంటల్లేవు. మా అమ్మ అయితే "ఏమే, ఈయమ్మకు ఎవరి మీదా కోపం లేదా" అని అడిగింది.

అప్పుడు తమ్ముడు, అక్కా, నువ్వు తెలుసుకోవాల్సింది ఈమె గురించి కాదు, ఈమెకు దారి వేసిన ఆమె గురించి అని డాగ్మార్ బెర్గ్‌హోఫ్ కథ చెప్పాడు. 1943లో బెర్లిన్‌లో పుట్టింది, హాంబర్గ్‌లో నటన చదువుకుంది, బాడెన్ బాడెన్ అనే ఊళ్ళో రేడియోలో, టీవీలో అనౌన్సరుగా చేసింది. 1976 జూన్ 16న టాగెస్‌షౌలో కూర్చుంది. అంటే ఆ వార్తలు మొదలై 23 ఏళ్ళు దాటినా అక్కడ ఒక్క ఆడగొంతు వినపడలేదన్నమాట! అప్పటికి ఆమెకు 33. మా మేనేజరు లెక్కలో రెండేళ్ళ కిందే రిటైర్ కావాల్సిన వయసు. ఆమె అక్కడి నుంచి మొదలుపెట్టి, 1995లో వార్తలు చదివేవాళ్ళందరికీ పెద్దగా, చీఫ్ స్పీకర్‌గా అయ్యి, 1999 డిసెంబర్ 31న, తన 56వ ఏట, సెలవు తీసుకుంది.

అన్నేళ్ళలో తప్పులు చేయలేదా అంటే చేసింది. 1988లో బోరిస్ బెకర్ డాలస్‌లో డబ్ల్యూసీటీ అనే టెన్నిస్ టోర్నీ గెలిచాడు. ఈమె చదువుతూ చదువుతూ "డబ్ల్యూసీ టోర్నీ" అనేసింది. డబ్ల్యూసీ అంటే వాళ్ళకూ మరుగుదొడ్డే. ఇక లాటరీ నంబర్లు చదివేటప్పుడు నవ్వు ఆగలేదు పాపం. ఆ వీడియో తమ్ముడు ఫోన్లో చూపిస్తే భాష రాకపోయినా నేనూ నవ్వాను. నవ్వినందుకు ఉద్యోగం పోలేదు, ఆ తర్వాత ఏడేళ్ళకే కదా చీఫ్ అయ్యింది. నేను ఒకసారి "అన్నమయ్య జయంతి" అనాల్సిన చోట "వర్ధంతి" అన్నందుకు మూడు రోజుల జీతం కోశారు, అది వేరే విషయం.

జర్మనీవాళ్ళు మొదటి నుంచీ మంచివాళ్ళని నేను చెప్పడం లేదు. బెర్గ్‌హోఫ్ కంటే ఐదేళ్ళ ముందు, 1971 మే 12న, జెడ్‌డీఎఫ్ అనే ఇంకో చానెల్లో విబ్కె బ్రూన్స్ వార్తలు చదివితే ఆడది వార్తలు చదవడమేంటని గోల చేసినవాళ్ళున్నారు. ఆమె ఎవరనుకున్నారు? హిట్లర్‌ను చంపాలన్న కుట్ర తెలిసీ చెప్పలేదని 1944లో ఉరితీసిన ఒక సైనికాధికారి కూతురు. తండ్రి పోయేనాటికి ఆరేళ్ళు కూడా నిండలేదు. ఆ కుర్చీలో ఎక్కువ కాలం లేదు, తర్వాత జెరూసలేంలో, వాషింగ్టన్‌లో విలేఖరిగా పనిచేసింది. అట్లాంటి ఆమెకు వార్త బరువు తెలియదని ఇళ్ళలో కాఫీ తాగుతా కూర్చున్నవాళ్ళు తీర్పు చెప్పారు!

ఇప్పుడు మన సంగతికి వస్తాను. వాళ్ళు అక్కడ ఆడవాళ్ళు చదవొచ్చా లేదా అని కొట్టుకుంటున్న 1960లలోనే మన మదనపల్లె ఆడపడుచు జోలెపాళ్యం మంగమ్మ గారు ఢిల్లీ ఆకాశవాణిలో తెలుగు వార్తలు చదివారు. సీమ మనిషి! ఈ విషయంలో మనమే ముందున్నాం, తర్వాత వెనక్కి నడిచాం. దూరదర్శన్‌లో 1983 నవంబర్ 14న తెలుగు వార్తలు మొదలుపెట్టిన శాంతిస్వరూప్ గారు, ప్రాంప్టర్ లేని రోజుల్లో అంతా గుర్తు పెట్టుకొని చెప్పేవారు, 2011లో రిటైర్ అయ్యేదాకా మనం చూస్తూనే ఉన్నాం కదా. 2024లో ఆయన పోయినప్పుడు మా వీధిలో ముసలివాళ్ళు ఇంట్లో మనిషి పోయినట్టు మాట్లాడుకున్నారు. ఆయన ముసలివాడవుతుంటే ఎవరికైనా చూడలేనంత కష్టమయ్యిందా?

తేడా డబ్బు దగ్గర కూడా ఉందని తమ్ముడు అంటాడు. అక్కడ ప్రతి ఇల్లూ నెలకు 18.36 యూరోలు ఫీజు కడుతుంది, దాంతో నడుస్తాయి ఆ వార్తలు, కాబట్టి ఈ వారం రేటింగ్ పడిపోయిందే అనే టెన్షన్ అంతగా ఉండదు. మన చానెళ్ళకు యాడ్లే దిక్కు. ఒప్పుకుంటాను. కానీ రేటింగ్ పేరు చెప్పి ఆడవాళ్ళనే ఎందుకు మార్చాలి, ఇది ఏ యాడ్ కంపెనీ అడిగింది? 2023లో తెలుగులో ఏఐ యాంకర్ కూడా వచ్చింది. దానికి వయసు రాదు, పాప పుట్టదు, మొహం ఉబ్బదు. మేనేజర్లకు పండగే.

సార్, మీ పేపర్ కూడా ఏం తక్కువ తినలేదు. ఏ న్యూస్ రీడర్ గురించైనా మీరు రాసేది సినిమా పేజీలోనే, అదీ ఏ చీర కట్టింది, ఎంత సన్నబడింది అని. ఉచ్చారణ గురించి, గొంతు గురించి ఎప్పుడైనా రాశారా? "శాసనసభ"ను "సాసనసభ" అని చదివే వాళ్ళ గురించి ఒక్క విమర్శ వేసి చూపించండి.

పోయిన నెల ఎర్రముక్కపల్లి వైపు ఆటోలో పోతుంటే ఒక గోడ మీద "న్యూస్ రీడర్లు కావలెను, మహిళలు మాత్రమే, వయసు 18 నుంచి 25" అని కాగితం కనపడింది. నంబర్ రాసుకొని ఇంటికొచ్చి ఫోన్ చేశాను. ఎత్తిన అబ్బాయి "వయసెంత మేడం" అన్నాడు. ముందు వాయిస్ విను నాయనా అని, ఆ రోజు మీ పేపర్ మొదటి పేజీలో ఉన్న వార్తే గట్టిగా చదివాను. తప్పు లేకుండా చదివాను. అవతల కొంచెంసేపు మాట లేదు. తర్వాత "చాలా బాగుంది మేడం, ఇంతకీ వయసెంత" అన్నాడు.

- మీ పాఠకురాలు, కడప