జనం పెట్టిన పేరే నిలకడగా ఉంది

సంపాదకులకు నమస్కారం.

'హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీ' అనడం తప్పు, 'యూనివర్సిటీ ఆఫ్ హైదరాబాద్' అనాలి, పత్రికలే ఇట్లా రాస్తే ఎట్లా అని మీ లేఖల శీర్షికలో ఒక పెద్దమనిషి కోప్పడ్డారు. చట్టం ప్రకారం ఆయన చెప్పింది సరైనదే. 1974లో పార్లమెంటు చేసిన చట్టంలో ఉన్న పేరు అదే. కానీ ఆ యూనివర్సిటీ పుట్టింది, తెలంగాణ, జై ఆంధ్ర ఉద్యమాల తర్వాత 1973లో కుదిరిన ఆరు సూత్రాల పథకంలోంచి. హైదరాబాద్‌లో ఒక సెంట్రల్ యూనివర్సిటీ పెడతామన్న హామీ అందులో ఉంది, దానికోసం రాజ్యాంగంలో 371-ఇ అని ఒక అధికరణమే చేర్చారు. జనం ఆ హామీలోని మాటనే పట్టుకున్నారు. ఊళ్లో అప్పటికే ఉస్మానియా ఉండె. ఉత్తినే హైదరాబాద్ యూనివర్సిటీ అంటే 'ఏది?' అని మళ్లీ అడుగుతారు. చివరికి అక్కడి సిటీ బస్సుల డిపోకీ హెచ్‌సీయూ (హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీ) డిపో అనే పేరు. హైదరాబాద్‌లోనే ఉన్న ఇఫ్లూ (ఇంగ్లిష్, విదేశీ భాషల యూనివర్సిటీ), ఉర్దూ యూనివర్సిటీ కూడా కేంద్రానివే కదా అని ఆయన అనొచ్చు. అవే, కానీ ఇఫ్లూకి పోయేవాడెవడూ సెంట్రల్ యూనివర్సిటీకి పోతున్నానని చెప్పడు. (మా లెక్చరర్ల తరం వాళ్లు దాన్ని ఇప్పటికీ పాత పేరుతో సీఫెల్ అనే అంటారు, అది వేరే సంగతి.)

నాకీ గొడవతో పనేందంటే, నేను కావలిలో నెట్ సెంటర్ నడుపుతాను. పొద్దున షట్టర్ తీసిన కాడ్నించి అప్లికేషన్లే. 'అన్నా, లిస్టులో నాగార్జున లేదన్నా' అంటాడొక పిల్లోడు. ఎన్ అక్షరం దగ్గర వెతుకుతుంటాడు. 2004 నుంచి అది ఆచార్య నాగార్జున విశ్వవిద్యాలయం, కాబట్టి 'ఏ' అక్షరం దగ్గర ఉంటుంది. ఆ మాటకొస్తే మన జిల్లా కూడా చాలా ఫారాల్లో ఎన్ దగ్గర దొరకదు. 2008 నుంచి మనది శ్రీ పొట్టి శ్రీరాములు నెల్లూరు జిల్లా, ఎస్ దాకా దిగిపోవాలి. అంతమాత్రాన నెల్లూరు అనొద్దని ఎవరైనా అన్నారా?

జేఎన్టీయూ సంగతి ఇంకో తీరు. నాలుగక్షరాలు చెప్పి నిలబడతారు. 2008లో దాన్ని హైదరాబాద్, కాకినాడ, అనంతపురం యూనివర్సిటీలుగా విడగొట్టారన్న సంగతి తండ్రులకి తెలీదు, వాళ్ల మనసులో అది కూకట్‌పల్లిలోనే ఉంది. నెల్లూరు జిల్లా ఇంజినీరింగ్ కాలేజీలు అనంతపురం కింద, ప్రకాశం కాలేజీలు కాకినాడ కింద. ఒంగోల్లో చదివిన కావలి పిల్లోడికి ఏది నొక్కాలో మెమో చూస్తే తప్ప నేను కూడా చెప్పలేను.

అసలు పేరంటే స్థిరమైనది, వాడుక పేరంటే గాలిమాట అన్నట్టు రాశారాయన. ఈ మధ్య నా కౌంటర్ మీదికి వచ్చిన కాగితాలు చూస్తే ఆ మాట అనేవారు కాదు. 2020లో బీఎస్సీ నర్సింగ్‌లో చేరిన అమ్మాయి. మొదటి ఏడాది మెమో మీద ఎన్టీఆర్ పేరు, తర్వాతి మెమో మీద వైఎస్సార్ పేరు, చేతికొచ్చిన డిగ్రీ మీద మళ్లీ ఎన్టీఆర్ పేరు. ఆ పిల్ల కాలేజీ మారలేదు, హాస్టల్ గది కూడా మారలేదు. విదేశాలకు నర్సుల్ని పంపే ఒక ఏజెన్సీ వాళ్లు మాత్రం మెయిల్ పెట్టారు: రెండు యూనివర్సిటీల్లో ఎందుకు చదివారు, ట్రాన్స్‌ఫర్ కాగితం ఏదీ అని. కూర్చుని వివరణ టైపు చేశాము. 1986లో ఆంధ్రప్రదేశ్ యూనివర్సిటీ ఆఫ్ హెల్త్ సైన్సెస్, 1998లో ఎన్టీఆర్ పేరు, 2022లో వైఎస్సార్ పేరు, 2024లో తిరిగి ఎన్టీఆర్ పేరు, ఉండేది మాత్రం ఎప్పుడూ విజయవాడలోనే అని. ఇన్నేళ్లూ మన నోళ్లలో అది 'హెల్త్ యూనివర్సిటీ'. ఆ ఒక్క పేరూ ఏ ప్రభుత్వం వచ్చినా మారలేదు. 1991లో అంబేద్కర్ పేరు పెట్టిన ఓపెన్ యూనివర్సిటీ అయినా, 1996లో ఎన్.జి. రంగా గారి పేరు పెట్టిన అగ్రికల్చర్ యూనివర్సిటీ అయినా ఇంతే. ఆ మహానుభావుల మీద గౌరవం లేక కాదు, ఏం చదువు చెబుతారో ఆ పేరులోనే తెలుస్తుంది కాబట్టి.

వాడుక పేరుతో చిక్కు లేదని నేననను. ట్రిపుల్ ఐటీ ఉంది. ఒంగోలు, నూజివీడు, ఇడుపులపాయ, శ్రీకాకుళం క్యాంపస్‌ల అసలు పేరు రాజీవ్ గాంధీ యూనివర్సిటీ ఆఫ్ నాలెడ్జ్ టెక్నాలజీస్. పదో తరగతి మార్కులతో చేరి ఆరేళ్లు చదవాలి. శ్రీసిటీలో ఉన్నది కేంద్రం గుర్తించిన ట్రిపుల్ ఐటీ, దానికి ఇంటర్ తర్వాత జేఈఈ రాయాలి. మొన్న జలదంకి వైపు నుంచి ఒకామె టెన్త్ మెమో తెచ్చి, 'నాయనా, ట్రిపుల్ ఐటీకి అప్లికేషన్ పెట్టు' అంది. కూతురు అప్పటికే ఫోన్‌లో వెతికి శ్రీసిటీ సైటు తెరిచి, 'జేఈఈ అంట అన్నా, మనకి కాదంట' అని దిగాలుగా కూర్చుంది. ఇక్కడ ఒకదాని పేరు ఇంకోదానికి తగులుకుంది, పిల్లలు దారి తప్పుతున్నారు. ఆ పెద్దమనిషి కోపం దీనిమీద అయివుంటే నేనూ వంత పాడేవాణ్ణి.

ఆయనలాగా మిమ్మల్ని వాడుక పేరు మానేయమని అడగను. అడ్మిషన్ల వార్త వేసేటప్పుడు మాత్రం మొదటి పేరాలోనే ఫారంలో ఉండే పూర్తి పేరు, ఊరు, పక్కన జనం పిలిచే పేరు వేయండి. హెడ్డింగ్‌లో ట్రిపుల్ ఐటీ అనే పెట్టుకోండి, లేకపోతే ఆ వార్త ఎవరూ చదవరు. ఇక పేర్లు మార్చే ప్రభుత్వాలకు నా విన్నపం ఒక్కటే: మార్చిన ప్రతిసారీ డిగ్రీ పట్టా మీద కొత్త పేరు కింద పాత పేరు, మారిన సంవత్సరం చిన్న అక్షరాల్లో అచ్చు వేయించండి. ఒక్క లైను సిరా ఖర్చు. ఆ నర్సమ్మాయి వివరణకి ఏజెన్సీ నుంచి ఇంకా జవాబు రాలేదు.

ఇట్లు,
ఒక నెట్ సెంటర్ నిర్వాహకుడు,
కావలి, నెల్లూరు జిల్లా