ఆ రాళ్లు ఎవరూ చెక్కలేదండీ: సెయింట్ మేరీస్ దీవుల అధికారికి బహిరంగ లేఖ

అయ్యా,

కర్ణాటకలో ఉడుపి పక్కనున్న మల్పె దగ్గర పడవెక్కి సెయింట్ మేరీస్ దీవులు చూసొచ్చాను. మనుషులు ఎవరూ ఉండని చోటు, అయినా పగలంతా జనమే. నా పక్కన ఒక పిల్లాడు రాతిస్తంభం అంచుల మీద వేలు పెట్టి ఒకటి, రెండు అని ఆరు దాకా లెక్కపెట్టి, "నాన్నా, ఇవి ఎవరు చెక్కారు?" అన్నాడు. వాళ్ల నాన్న కాస్త తడబడి, "పాతకాలం రాజులు" అని చెప్పేశాడు!

నేను ఉండబట్టలేక కల్పించుకున్నాను. దాదాపు 8.8 కోట్ల ఏళ్ల కిందట, మడగాస్కర్ మన నేల నుంచి విడిపోతున్న రోజుల్లో పొంగిన లావా చల్లారుతూ కుంచించుకుపోయి, ఎండిన చెరువు మట్టి నెర్రెలిచ్చినట్టు పగిలితే ఈ స్తంభాలు వచ్చాయి. కొన్నిటికి ఐదు ముఖాలు, కొన్నిటికి ఏడు. చాలామంది దీన్ని బసాల్ట్ అనే నల్లటి లావా రాయి అంటారు గానీ, ఇది సిలికా (ఇసుకలో ఉండే పదార్థం) ఎక్కువున్న వేరే రకం లావా రాయి. 1498లో వాస్కోడగామా ఇక్కడ దిగి మేరీమాత పేరు పెట్టాడని చెప్పుకుంటారు, అది అందరికీ తెలిసిన కథే. జాతీయ భూవైజ్ఞానిక స్మారకం అన్న హోదా 1979 నాటిది.

నేను అడిగేది పెద్ద ఖర్చు పనేం కాదు. పడవ ఎక్కే చోట ఈ నాలుగు ముక్కలూ కన్నడంలో, తుళులో, వీలైతే మా తెలుగులో కూడా పెద్ద అక్షరాలతో రాయించండి. దీవి మీద మాత్రం వద్దు, అక్కడ రాళ్లకు మేకులు కొడతారేమోనని నా భయం.

ఇట్లు,
ఒక సందర్శకుడు