అరవకండి, బోర్డు మీద నంబరు చూపించండి
మాజీ సైనికుల పింఛను పనులు చూసే అధికారి గారికి,

అయ్యా, మా నాన్నగారు ఆర్టిలరీ, అంటే ఫిరంగి దళం, ఆఫీసరు. మన చెన్నై పరంగిమలైలోని ఆఫీసర్స్ ట్రైనింగ్ అకాడమీలో శిక్షణ, తర్వాత నాసిక్ దగ్గర దేవలాలీలో ఫిరంగుల చదువు. అవును, చదువే. గాలి, చలి, ఎత్తు, ఫిరంగి మందు వేడి, అన్నీ లెక్కలే.

1999లో కార్గిల్‌లో ఆయన పని ఫిరంగి దగ్గర కాదు, ముందు వెళ్లే పదాతి దళంతో. గుండు ఎక్కడ పడిందో చూసి రేడియోలో "ఎడమకు 200, ఇంకో 100 ముందుకు" అని చెప్పాలి. బోఫోర్స్ ఫిరంగి 155 మి.మీ. గుండు నలభై కిలోల పైమాటే. లెక్క తప్పితే పడేది మనవాళ్ల మీదే. అంతకుముందు ఏళ్ల తరబడి ఫిరంగుల పక్కనే నిలబడ్డారు. చెవులు అక్కడే పోయాయి. ఇప్పుడు కుక్కర్ ఎన్ని కూతలు వేసిందో అమ్మ వేళ్లు చూపించి చెబుతుంది.

నవంబరులో, బతికే ఉన్నారని ఏటా ఇవ్వాల్సిన లైఫ్ సర్టిఫికెట్ కోసం మీ కౌంటర్‌కు వెళ్లాం. నేను జిరాక్సుకు వెళ్లొచ్చేలోపు మూడుసార్లు పిలిచారట. ఆయనకు వినపడలేదు. "చెవుడా?" అని విసుక్కుని వరుస చివరికి పంపేశారు. నాన్నగారు పెదాలు చూసి తెలుగైతే పట్టేస్తారు, తమిళం ఇంకా పట్టుబడలేదు. ఆ ఒక్క మాట మాత్రం అర్థమైంది. ఇంటికొచ్చేదాకా ఆటోలో నోరు విప్పలేదు.

టోకెన్ నంబరు కనిపించే బోర్డు ఒకటి పెట్టించండి. మా వీధి చివర టిఫిన్ సెంటర్‌లో కూడా ఉంది. వచ్చే నవంబరులోపు పెట్టిస్తే చాలు.

ఇట్లు,
ఒక గన్నర్ కూతురు, చెన్నై