సరస్సు పచ్చబడితే ముందు కాలవలు చూడరా

ఒరేయ్,

నీ ఉత్తరం అందింది. సరస్సు సంరక్షణ కమిటీలో నిన్ను కూర్చోబెట్టారన్నమాట! ఫౌంటెన్లు పెడితే నీళ్లు బాగుపడతాయా, మందు చల్లితే నాచు పోతుందా అని రెండు ప్రశ్నలు అడిగావు. ఫౌంటెన్లతో ఒరిగేదేమీ లేదు, మందుతో కొన్నిసార్లు ఉన్నదీ పాడవుతుంది. ఎందుకో చెప్పాలంటే కాస్త పొడుగవుతుంది, టీ పెట్టుకుని కూర్చో.

కథంతా భాస్వరం చుట్టూ తిరుగుతుంది. నాచు పెరగాలంటే కర్బనం, నత్రజని, భాస్వరం మూడూ కావాలి. మొదటి రెండింటికీ సరస్సులో కరువుండదు. కర్బనం గాలిలోంచి దిగుతుంది. కొన్ని రకాల నీలిహరిత నాచు నత్రజనిని కూడా గాలిలోంచే పట్టుకుంటుంది. భాస్వరానికి మాత్రం గాలిలో అలాంటి నిల్వ లేదు. అది పొలాల మీంచి కొట్టుకురావాలి, లేదా మురుగులో రావాలి. కనుక మన చేతికి చిక్కే పగ్గం అదొక్కటే. 1973లో కెనడాలోని ఒంటారియోలో సరస్సుల శాస్త్రవేత్త డేవిడ్ షిండ్లర్ బృందం 226వ నంబరు సరస్సును సన్నటి నడుం దగ్గర ప్లాస్టిక్ తెర కట్టి రెండు ముక్కలు చేసింది. రెండు వైపులా కర్బనం, నత్రజని వేసి, ఒక వైపు మాత్రం భాస్వరం కూడా కలిపారు. ఆ వైపు నీళ్లు చిక్కగా పచ్చబడ్డాయి. రెండో వైపు నీళ్లకు ఏమీ కాలేదు. పైనుంచి తీసిన ఆ ఫొటో దొరికితే కమిటీ ముందు పెట్టు, సగం వాదన అక్కడే తెగుతుంది.

లెక్క కూడా చెబుతాను, మీటింగులో పనికొస్తుంది. ఒక కిలో భాస్వరంతో సుమారు వంద కిలోల ఎండు నాచు పుట్టగలదు. రోజుకు 5,000 ఘనమీటర్ల నీళ్లు తెచ్చే కాలవ ఒకటి ఉందనుకో, అందులో లీటరుకు 2 మిల్లీగ్రాముల భాస్వరం ఉందనుకో. రోజుకు 10 కిలోలు. అంటే ఆ ఒక్క కాలవే రోజుకు టన్ను ఎండు నాచుకు సరిపడా మేత తెచ్చి పోస్తోంది. మీరు పడవలేసుకుని వలలతో ఎంత తోడగలరు? సరస్సులో మొత్తం భాస్వరం లీటరుకు 10 మైక్రోగ్రాముల లోపుంటే నీరు తేటగా ఉంటుంది, 35 దాటితే పచ్చబడే దశలో ఉన్నట్టే. కాలవ లెక్క మిల్లీగ్రాముల్లో, సరస్సు లెక్క మైక్రోగ్రాముల్లో. మధ్యలో వెయ్యి రెట్ల తేడా ఉందని మర్చిపోకు. మీటింగుల్లో జనం తికమకపడేది ఇక్కడే.

"మురుగు శుద్ధి చేశాకే వదులుతున్నాం" అని ఎవరైనా అంటే తలూపకు, ఏ శుద్ధి అని అడుగు. గాలి పట్టించి బాక్టీరియాతో కుళ్లు తినిపించే మామూలు శుద్ధిలో దుర్వాసన, మడ్డి తగ్గుతాయి గానీ భాస్వరంలో చాలా భాగం దర్జాగా బయటికొస్తుంది. దాన్ని పట్టాలంటే పటికో ఫెర్రిక్ క్లోరైడో వేసి గడ్డ కట్టించాలి, లేకపోతే భాస్వరాన్ని మింగే బాక్టీరియాను ప్రత్యేకంగా పెంచే తొట్లు ఉండాలి. బయటికొచ్చే నీటిలో లీటరుకు 1 మిల్లీగ్రాము లోపుండాలని పట్టుబట్టు. పెద్ద వానప్పుడు శుద్ధి లేకుండా పక్కదారిన ఎంత వదిలేస్తున్నారో కూడా అడుగు, ఆ లెక్క వాళ్లంతట వాళ్లు చెప్పరు. బట్టల పొడిలో ఫాస్ఫేటును, అంటే భాస్వరపు ఉప్పును, ఆపడం అన్నిటికన్నా సులువు. జపాన్‌లో బివా సరస్సులో 1977లో నీళ్లు ఎర్రబడ్డాక ఇల్లాళ్లు ముందుండి ఉద్యమం నడిపితే, ఆ సరస్సున్న షిగా ప్రాంతపు ప్రభుత్వం 1979లో ఫాస్ఫేటు ఉన్న బట్టల పొడి అమ్మకాన్నీ వాడకాన్నీ నిషేధిస్తూ చట్టం చేసింది.

పొలాల సంగతి ఇంత తేలిగ్గా తెమలదు. ఇందుకు అమెరికా, కెనడాల మధ్యనున్న ఈరీ సరస్సు మంచి ఉదాహరణ. 1972లో రెండు దేశాలూ ఒప్పందం చేసుకున్నాయి, ఏడాదికి 11,000 టన్నుల భాస్వరం దాటకూడదని 1978లో లక్ష్యం పెట్టుకున్నాయి. మురుగును అదుపు చేశారు, ఎనభైల్లో సరస్సు కోలుకుంది. తొంభైల మధ్య నుంచి మళ్లీ పచ్చబడటం మొదలైంది. భాస్వరం నీళ్లలోకి రెండు రూపాల్లో వస్తుంది: మట్టి రేణువులకు అంటుకుని వచ్చేది, నీళ్లలో కరిగి వచ్చేది. మట్టికి అంటినదానిలో కొంతే నాచుకు అందుతుంది. కరిగినదాన్ని మాత్రం నాచు అక్కడికక్కడే తినేస్తుంది. అక్కడి రైతులు దున్నడం తగ్గించినందుకు మట్టి కోత తగ్గింది, బాగానే ఉంది. కానీ దున్నని నేల మీద ఎరువు పైపైన చల్లితే అది పై పొరలోనే పేరుకుంటుంది, వానకు కరిగి, పొలంలో నిలిచే నీళ్లు పోవడానికి భూమిలో పరిచిన గొట్టాల గుండా కాలవల్లోకి పోతుంది. గట్టున గడ్డిపట్టీ పెంచితే మట్టి ఆగుతుంది. భూమి అడుగున గొట్టంలో పోయే కరిగిన భాస్వరాన్ని గడ్డి ఏం చేస్తుంది?

అందుకని రైతులతో మాట్లాడేటప్పుడు గడ్డిపట్టీ ఒక్కటే పట్టుకుని కూర్చోకు. భూసార పరీక్షలో భాస్వరం చాలినంత ఉందని తేలితే ఆ ఏడాది వెయ్యొద్దు. వేస్తే విత్తనం పక్కన నాలుగైదు సెంటీమీటర్ల లోతున వెయ్యాలి. పెద్ద వాన రాబోతోందని తెలిస్తే ఆగాలి. రైతుకు డబ్బు మిగిలే మాటలే కనుక వింటారు. ఏడాదంతా వచ్చే భాస్వరంలో ఎక్కువ వాటా నాలుగైదు పెద్ద వానల్లోనే దిగుతుంది. ఎండ కాసే రోజున నమూనా తీసి "కాలవ బాగానే ఉంది" అనడం మనల్ని మనం మోసం చేసుకోవడమే.

అన్నీ ఆపినా సరస్సు వెంటనే బాగుపడకపోవచ్చు, ఆ మాట ముందే చెప్పి ఉంచు. అడుగు బురదలో పాత బాకీ ఉంటుంది. ఎండాకాలంలో పైనీరు వేడెక్కి, చల్లటి అడుగునీటితో కలవకుండా పొరగా నిలుస్తుంది. చచ్చిన నాచు కిందికి దిగి కుళ్లుతూ అడుగున ఆక్సిజన్‌ను తినేస్తుంది. ఆక్సిజన్ ఉన్నంతకాలం బురదలోని ఇనుము భాస్వరాన్ని పట్టి ఉంచుతుంది. అది పోగానే ఇనుము రూపం మారి కరిగిపోతుంది, పట్టి ఉంచిన భాస్వరం నీళ్లలోకి వదిలేస్తుంది. ఫౌంటెను పైన ఒకటి రెండు మీటర్ల నీటిని మాత్రమే ఎగరేస్తుంది కనుక ఇదేదీ దానికి పట్టదు. బురద మీద పటిక పరిచి భాస్వరాన్ని బంధించే పద్ధతి ఉంది, పనిచేస్తుంది కూడా. కానీ పటికతో నీటి పీహెచ్ (ఆమ్లత కొలత, తగ్గేకొద్దీ పులుపెక్కువ) 6 కన్నా కిందికి జారితే అల్యూమినియం చేపలను చంపుతుంది, అందుకే సోడియం అల్యూమినేట్ జతచేసి పీహెచ్ నిలబెడతారు. బయటినుంచి వచ్చేది ఆగకముందే ఇది చేస్తే కొన్నేళ్లకు కొత్త బురద పైన పేరుకుని ఖర్చంతా వృథా. అమెరికాలోని వాషింగ్టన్ సరస్సుకు ఇవేవీ అక్కర్లేకపోయింది. 1963 నుంచి 1968 వరకు మురుగంతా మళ్లిస్తే చాలు, కొన్నేళ్లలోనే తేటబడింది. అది లోతైన సరస్సు, నీరు రెండు మూడేళ్లకోసారి మారిపోతుంది. లోతు తక్కువ సరస్సులు ఇంత తొందరగా మాట వినవు.

ఇక మందు, అంటే మైలుతుత్తం. నాచు చస్తుంది, నిజమే. కానీ నీలిహరిత నాచు కణాల లోపల మైక్రోసిస్టిన్ అనే విషం ఉండొచ్చు, అది కాలేయాన్ని దెబ్బతీస్తుంది. కణం పగిలితే విషం నీళ్లలో కలుస్తుంది. తాగునీటి తూము దగ్గర దీనంత తెలివితక్కువ పని ఇంకోటి లేదు. 2014 ఆగస్టులో ఈరీ ఒడ్డునున్న టొలీడోలో ఈ విషం కుళాయి నీళ్లలో తేలి, సుమారు 4 లక్షల మందిని రెండు రోజులకు పైగా నీళ్లు తాగొద్దన్నారు. కాచినా లాభం లేదు, నీరు ఆవిరై విషం ఇంకా చిక్కబడుతుంది.

నీటి శుద్ధి కేంద్రంలోనూ ఇదే సూత్రం. నాచు ఉన్న రోజుల్లో పచ్చినీటికి ముందే క్లోరిన్ కొట్టకూడదు. ముందు పటికతో కణాలను చెక్కుచెదరకుండా గడ్డ కట్టించి, తేర్చి, వడకట్టాలి. మిగిలిన విషానికి పొడి రూపంలో ఉత్తేజిత బొగ్గు వాడాలి. ఆఖర్న క్లోరిన్: పీహెచ్ 8 లోపు, అరగంట తర్వాత కూడా లీటరుకు కనీసం 0.5 మిల్లీగ్రాములు మిగిలేలా. పీహెచ్ పెరిగేకొద్దీ విషం మీద క్లోరిన్ పని మందగిస్తుంది. గాలి లేనప్పుడు నీలిహరిత నాచు పైకి తేలుతుంది కనుక తూముకు రెండు మూడు లోతుల్లో గేట్లుంటే మంచిది. మరీ అడుగు గేటు తెరిస్తే ఆక్సిజన్ లేని నీటితో పాటు ఇనుము, మాంగనీసు లోపలికొస్తాయి.

ఈ నెలలో నువ్వు చేయగలిగినవి చెబుతా. నీరెంత తేటగా ఉందో కొలవడానికి 20 సెంటీమీటర్ల పళ్లానికి నలుపు తెలుపు నాలుగు పావులుగా రంగెయ్యి, మధ్యన బరువు కట్టు, తడిస్తే సాగని తాడుకు గుర్తులు పెట్టు. పడవ నీడ పడే వైపు దించు, చలువ కళ్లద్దాలు తీసెయ్. కనబడకుండా పోయిన లోతు, పైకి లాగితే మళ్లీ కనిపించిన లోతు, రెండింటి సగటు రాసుకో. నీటి రంగూ రాయి, ఎందుకంటే బురద నీళ్లలోనూ పళ్లెం త్వరగా మాయమవుతుంది. నాచు ఏ రకమో చూడ్డానికి చేతికి తొడుగులు వేసుకుని, తెట్టు కిందినుంచి గాజు సీసాలో ముప్పావు వంతు నీళ్లు పట్టి, చీటీ అంటించి రాత్రంతా ఫ్రిజ్‌లో కదపకుండా ఉంచు. పైకి తేలి ఉంగరంలా అంచుకు పట్టిందంటే నీలిహరిత నాచు కావచ్చు. విషం ఉందో లేదో మాత్రం దీంతో తెలీదు, దానికి ల్యాబే.

భాస్వరం నమూనా సీసాలను సబ్బుతో కడగొద్దు, పలుచటి ఆమ్లంతో కడిగించు. కరిగిన భాస్వరానికి నీటిని ఒడ్డునే 0.45 మైక్రాన్ల ఫిల్టరులో వడకట్టి మంచులో పెట్టాలి. ఆలస్యమైతే సీసాలోని నాచే దాన్ని తినేసి లెక్క తక్కువ చూపిస్తుంది. వడకట్టకముందు ఆమ్లం పోస్తే మట్టికి అంటిన భాస్వరం విడివడి లెక్క ఎక్కువొస్తుంది. ప్రతి కాలవలోనూ నీరెంత పారుతోందో అదే రోజు కొలిపించు, అది లేకపోతే కిలోలు తేలవు. మొదటి పెద్ద వానకి తీసిన నమూనాల ఫలితాలు వచ్చాక నాకు పంపు. మొత్తం భాస్వరం ఒక వరసలో, కరిగినది ఇంకో వరసలో ఉండాలి సుమా.

నీ
పాత మిత్రుడు