కలల కరెంటుకు అడ్వాన్సులా?

సంపాదకులు గారికి,

గత ఆదివారం మర్రిపాలెంలోని మా అపార్టుమెంటు సెల్లారులో మీటింగు అంటే, మెయింటెనెన్సు గొడవ అయ్యుంటుందని వెళ్లాను. తీరా చూస్తే టై కట్టుకున్న ఓ కుర్రాడు, బల్ల మీద వైర్లు వేలాడుతున్న రబ్బరు టోపీ, పక్కన ఓ పెట్టె, దానికో వెలుగుతున్న చిన్న బల్బు. రాత్రి ఆ టోపీ పెట్టుకుని పడుకుంటే మన కలల్లోంచి కరెంటు పుడుతుందట. పెట్టెలో నిల్వ అవుతుందట. బిల్లులో నెలకు వంద యూనిట్లు తగ్గుతాయట. ఇంటికి రూ.2,500 అడ్వాన్సు. "సోలార్‌కి డాబా కావాలి సార్, ఫ్లాట్ల వాళ్లకి డాబా ఎక్కడిది? దీనికి తల ఉంటే చాలు" అన్నాడు. మాట బాగుంది, ఒప్పుకోవాలి.

మూడో అంతస్తు మామ్మగారు "నాకు రాత్రంతా కలలే బాబూ, మరి మాకు ఎక్కువొస్తాదా?" అని అడిగారు. అందరూ నవ్వారు. అతను మాత్రం నవ్వకుండా "తప్పకుండా వస్తుందమ్మా" అని ఆవిడ పేరు రాసుకున్నాడు. ఆ పూటే పదకొండు ఇళ్లవాళ్లు డబ్బు కట్టేశారు. వాళ్లను నేను తప్పుపట్టను. ఎండాకాలం బిల్లు చేతికొస్తే ఎవరికైనా ఆశ పుడుతుంది.

నేను ముప్పై ఏళ్లు కరెంటు ఉద్యోగం చేసి రిటైరయ్యాను. ఇంటికొచ్చి లెక్క వేశాను. మనిషి మెదడు నడవడానికి సుమారు 20 వాట్లు ఖర్చవుతుంది. కలలు ఎక్కువగా వచ్చే నిద్ర పెద్దవాళ్లకు రాత్రి మొత్తం మీద రెండు గంటలకు అటూ ఇటూ ఉంటుంది. అంటే 40 వాట్ అవర్లు. ఒక యూనిట్ అంటే 1,000 వాట్ అవర్లు. మెదడు వాడుకునే శక్తినంతా చివరి చుక్క వరకూ పిండుకున్నా యూనిట్‌కు 25 రాత్రులు పడుతుంది. అలా పిండితే ఆ మనిషి తెల్లారి లేవడనుకోండి, అది వేరే సంగతి. వంద యూనిట్లకు 2,500 రాత్రులు, దాదాపు ఏడేళ్లు. అడ్వాన్సు అంకె, ఈ అంకె ఒకటే కావడం కాకతాళీయమే లెండి.

ఇదంతా కాగితం మీది లెక్క. నిజంగా తల మీద టోపీకి అందేది వోల్టులో పది లక్షల వంతుల్లో ఉంటుంది, పది నుంచి వంద మైక్రోవోల్టులు. గోడ గడియారంలో వేసే సెల్లు దానికి కనీసం పదిహేను వేల రెట్లు. ఆసుపత్రిలో ఈఈజీ, అంటే మెదడు తరంగాల పరీక్ష, తీసేటప్పుడు ఆ కాస్త సంకేతాన్ని పెంచి చూపించడానికే యంత్రానికి బయటి కరెంటు కావాలి. జర్మనీలో హాన్స్ బెర్గర్ అనే డాక్టరు 1924లో మొదటిసారి మనిషి మెదడు తరంగాలను నమోదు చేశాడు. ఆయనా మానసిక శక్తి అనేదేదో ఉందని, దాని జాడ పట్టాలని ఏళ్ల తరబడి వెతికినవాడే. దొరికింది కాగితం మీద సన్నటి గీత. దాంతో వైద్యానికి ఎంతో మేలు జరిగింది గానీ, బల్బు వెలగలేదు.

మరి మా సెల్లారులో బల్బు ఎలా వెలిగింది? పెట్టె వెనక నుంచి ఓ నల్ల వైరు లిఫ్టు పక్కనున్న స్విచ్‌బోర్డులోకి వెళ్లింది. "ఆ ప్లగ్గు తీసి వెలిగించు బాబూ" అన్నాను. "అది స్టార్టింగ్ కోసం అంకుల్" అన్నాడు. ఈలోగా మా ప్రెసిడెంటు గారు "మీరు ప్రతిదానికీ అడ్డం తగులుతారు మాస్టారూ" అన్నారు. అంతటితో మీటింగు టీల్లోకి దిగింది.

ఫ్లాట్ల వాళ్లకు డాబా లేదన్న మాట కూడా తప్పే. మాకు అందరికీ కలిపి ఒక డాబా ఉంది. దాని మీద రెండు నీళ్ల ట్యాంకులు, ఎవరిదో పాత సోఫా తప్ప ఏమీ లేవు. ఒక కిలోవాట్ సోలార్ పెడితే ఎండ ఉన్న రోజు సుమారు నాలుగు యూనిట్లు వస్తాయి. ఆ నాలుగు యూనిట్లకు నా లెక్క ప్రకారం వంద మంది కలలు కావాలి. ముడసర్లోవ జలాశయం నీళ్ల మీదే 2 మెగావాట్ల సోలార్ ఫలకాలు తేలుతున్నాయి. పరవాడ దగ్గర సింహాద్రి థర్మల్ కేంద్రం జలాశయం మీద 25 మెగావాట్లవి ఉన్నాయి. మన లిఫ్టుకి, మోటారుకి సరిపడా పెట్టుకోలేమా?

వాళ్లిచ్చిన రసీదు మీద జీఎస్టీ నంబరు లేదు, చిరునామా లేదు. సంతకం పెట్టించుకున్న ఫారం మొత్తం ఇంగ్లీషులో ఉంది. అందులో ఒక లైను, మన నిద్ర తాలూకు రికార్డులు వాళ్లు దాచుకుని ఎవరికైనా ఇవ్వొచ్చంటోంది. కరెంటు రాకపోయినా వాళ్లకు గిట్టుబాటు అయ్యేది బహుశా అదేనేమో. హుద్‌హుద్ తుపాను తర్వాత చీకట్లో కూర్చున్న రోజుల్లో ఈ ఊరంతా కరెంటు గురించే కలలు కంది. అప్పుడైనా ఈ టోపీ కుర్రాడు వచ్చి ఉంటే బాగుండేది.

గోపాలపట్నం, కంచరపాలెం వైపు కూడా ఈ టోపీ తిరుగుతోందని విన్నాను. విద్యుత్ తనిఖీ అధికారులు, పోలీసులు దీన్ని పరీక్షించే దాకా అడ్వాన్సులు ఆపించాలి, కట్టినవాళ్లకు డబ్బు వెనక్కి ఇప్పించాలి. మిగతా ఇళ్ల వసూలుకు వచ్చే ఆదివారం ఉదయం పది గంటలకు మళ్లీ వస్తానన్నాడు. అధికారి ఒకరు వచ్చి ఆ ప్లగ్గు తీయిస్తే చాలు, ఐదు నిమిషాల పని. స్విచ్‌బోర్డు ఎక్కడుందో నేను చూపిస్తాను.

ఇట్లు,
విశ్రాంత విద్యుత్ ఉద్యోగి,
మర్రిపాలెం, విశాఖపట్నం