లాయర్ మేడంకు, మా గల్లీ బాబాయికి కృతజ్ఞతలు

పేర్లు రాయొద్దని సాయం చేసినవాళ్లే చెప్పారు. అందుకే పేర్లు లేకుండానే దండం పెడుతున్నాను.

నాకూ మా ఆయనకూ పొసగక, పాపను తీసుకుని హైదరాబాద్ రామ్‌నగర్‌లో అమ్మానాన్నల దగ్గరికి వచ్చేశాను. పెద్దమనుషులు కూర్చున్నారు, తెగలేదు. ఇంతలో అత్తగారివైపు వాళ్లు ఒక పోలీస్ స్టేషన్‌లో ఫిర్యాదు కాగితం ఇచ్చారు. అప్పట్నుంచి ఫోన్లు. "సార్ రమ్మంటున్నారు, పాపనూ బంగారాన్నీ తీసుకుని రండి" అని. ఎఫ్ఐఆర్ లేదు, నోటీసు లేదు. వెళ్తే చీకటి పడేదాకా బెంచీ మీదే. మా నాన్నకు 67 ఏళ్లు, షుగర్ మనిషి. ఓ సాయంత్రం ఆయన ముందు తెల్లకాగితం పెట్టారు. పైన ఒక్క అక్షరం లేదు, కింద సంతకం చోట పెన్సిల్‌తో ఇంటూ గుర్తు మాత్రం ఉంది. "పెట్టండి, మిగతాది మేం రాసుకుంటాం" అన్నారు. నాన్న చేతులు వణుకుతున్నా పెన్ను ముట్టుకోలేదు. మొదటి దండం ఆయనకే.

ఆ రోజు ఆయన కళ్లు తిరుగుతున్నాయంటే ఒక మహిళా కానిస్టేబుల్ బయటికి పరుగెత్తి ఇడ్లీ తెచ్చి పెట్టింది. డబ్బులిస్తే తీసుకోలేదు. చల్లగా ఉండాలి ఆ అమ్మాయి.

మా గల్లీలో రిటైరైన హెడ్ కానిస్టేబుల్ బాబాయి ఉన్నారు. సంగతి విని, "కేసుంటే నంబర్ చెప్తరు బిడ్డా, నోటీస్ ఇస్తరు. అదేం లేకుంటే నువ్వెందుకు పోవాలె?" అన్నారు. దగ్గరుండి ఉచిత న్యాయ సాయం నంబర్ 15100కు ఫోన్ చేయించారు. అలా పురానీ హవేలీలోని న్యాయ సేవా సదన్‌కు వెళ్లాం. ఆడవాళ్లకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా లాయర్‌ను ఇవ్వాలని 1987 నాటి న్యాయ సేవల చట్టంలోనే ఉందట. అంత మంచి వసతి మన ఊళ్లోనే ఉందని ఎంతమందికి తెలుసు?

అక్కడ దొరికిన లాయర్ మేడం నన్ను మధ్యలో ఆపకుండా విన్నారు. తర్వాత స్టేషన్‌కు ఒక లెటర్ రాశారు. కేసు ఉంటే నంబరు చెప్పండి, ఏ సెక్షన్ కింద పిలుస్తున్నారో రాసి ఇవ్వండి, సాక్షులుగా అడగాల్సింది ఉంటే ఇంటికే రండి అని. దర్యాప్తులో ఆడవాళ్లనూ 60 దాటిన మగవాళ్లనూ సాక్ష్యం కోసం స్టేషన్‌కు రమ్మని బలవంతపెట్టకూడదని బీఎన్ఎస్ఎస్ (పాత సీఆర్‌పీసీ బదులు వచ్చిన చట్టం) 179వ సెక్షన్ చెబుతోందట. కాపీ ఏసీపీ ఆఫీసులో కాగితాలు తీసుకునే ఇన్వర్డ్‌లో ఇచ్చి, అందినట్టు ముద్ర వేయించుకునేదాకా మేడం అక్కడినుంచి కదల్లేదు. ఫోన్లు ఆగిపోయాయి. ఏసీపీ ఆఫీసులో ఒక అధికారి మాత్రం పిలిచి మాట్లాడారు. "పాప విషయం ఫ్యామిలీ కోర్టు చూసుకుంటుందమ్మా, ఇక మావాళ్లు పిలవరు" అన్నారు. ఆయనకూ కృతజ్ఞతలు.

నాకు పోలీసుల మీద పగ లేదు. మొగుడు కొడుతుంటే, కట్నం కోసం పీడిస్తుంటే స్టేషన్‌కే పోవాలి, వాళ్లు కేసు కట్టాల్సిందే. భార్యాభర్తల గొడవల్లో ముందుగా ప్రాథమిక విచారణ చేయొచ్చని 2013లో లలితా కుమారి కేసులో సుప్రీంకోర్టు అన్న మాట కూడా నిజం. అయితే అది నేరం బయటపడుతోందో లేదో చూసుకోవడానికి. పాప ఎవరి దగ్గర ఉండాలో, నగలు ఎవరికి పోవాలో సీఐ గదిలో తేల్చడానికి కాదు. మా పాపకు మూడేళ్లు. అయిదేళ్లు నిండని పిల్లలు మామూలుగా తల్లి దగ్గరే ఉండాలని హిందూ పిల్లల సంరక్షణ గురించిన 1956 చట్టం చెబుతోంది. మా అమ్మానాన్నలు పెట్టిన బంగారం స్త్రీధనం, అది నాదేనని 1985లోనే సుప్రీంకోర్టు తీర్పు ఉంది. ఇవన్నీ మేడం చెబితేనే తెలిశాయి. తెలిశాక గుండెల మీద బండ దించినట్టయింది.

పైపోర్షన్ ఆంటీ, మేం తిరుగుతున్నన్నాళ్లూ పాపకు మీరే అన్నం తినిపించారు. మీ రుణం తీర్చలేను.

ఇప్పుడు ఫ్యామిలీ కోర్టులో పిటిషన్ వేశాం. ఎవరైనా ఇలాగే ఫోన్ల మీద తిరుగుతుంటే నాకు మెసేజ్ పెట్టండి. ఆ లెటర్ నమూనా పంపిస్తాను, మేడం సరేనన్నారు.