నీళ్లు ఎన్ని గంటలకు వదులుతారు?

సంపాదకుడు గారికి,

నమస్కారం. పది రోజుల కిందట మీ జిల్లా పేజీలో తలకోన జలపాతం మీద వేసిన వార్త గురించి ఈ ఉత్తరం. చదివిన రోజే రాద్దామని కూర్చుంటే మా ఇంటావిడ "నువ్వు రాస్తే కోనలో నీళ్లొస్తాయా?" అంది. నిజమే కదా అని పెన్ను పక్కన పెట్టాను. కానీ పది రోజులైనా ఆ వార్త గొంతులో ముల్లులా అట్లే ఉంది.

మే నెలలో జలపాతం వెలవెలబోయిందట. బెంగళూరు నుంచి, చెన్నై నుంచి వచ్చినవాళ్లు ఉసూరుమంటూ వెనుదిరుగుతున్నారట. "అధికారులు ఇకనైనా స్పందించి చర్యలు తీసుకోవాలి" అని ముగించారు. ఏం చర్యలండీ? కొండ మీద మోటారు బిగించి నీళ్లు తోడి పోయాలా? ఎండాకాలంలో శేషాచలం వాగులు సన్నబడటం మా తాతల నాటి నుంచీ ఉన్నదే. మా పక్క గట్టి వానలు పడేది అక్టోబరు, నవంబరు, డిసెంబరు నెలల్లో. ఆ వాన నీటిని అడవి నేల తాగి, రాతి నెర్రెల్లో దాచుకుని, తర్వాత నెలల తరబడి కొంచెం కొంచెంగా వదులుతుంది. మే వచ్చేసరికి ఆ దాచుకున్నది అయిపోతుంది. ఇది ఐదో తరగతి పాఠం. నేను ముప్పై ఏళ్లు చెప్పాను కూడా.

పోయిన వేసవిలో టికెట్ల దగ్గర నా ముందున్న ఒకాయన కారు అద్దం దించి "నీళ్లు ఎన్ని గంటలకు వదులుతారు?" అని అడిగాడు. టికెట్లిచ్చే అబ్బాయి ఏం చెప్పాలో తెలియక నా మొహం చూశాడు. అప్పుడు నవ్వుకున్నాను. మీ వార్త చదివాక ఆయన తప్పేమీ లేదనిపించింది.

వార్త నీళ్లు లేవని. పక్కన వేసిన ఫొటోలో మాత్రం జలపాతం ఉరుకుతోంది! ఏ డిసెంబరులో తీసిందో. జలపాతం ఎత్తు 270 మీటర్లని రాశారు. 270 అడుగులండీ, మీటర్లు కాదు. మీ లెక్క ప్రకారం అయితే కింద నిలబడ్డవాడి మీద నీళ్లు పడవు, తుంపర పడుతుంది. పైగా "చిత్తూరు జిల్లా తలకోన" అన్నారు. తలకోన ఉన్న ఎర్రావారిపాళెం మండలం 2022 ఏప్రిల్ నుంచి తిరుపతి జిల్లాలో ఉంది. ఒకప్పుడు విలేఖరి వార్త రాయాలంటే తలకోన పక్కనున్న నెరబైలు ఊరి దాకా బస్సులో వచ్చి, టీ బంకులో కూర్చుని నలుగురితో మాట్లాడి పోయేవాడు. ఇప్పుడు ఫోనులోనే అడవిని చూసేస్తున్నారు.

సరే, తప్పులు ఎవరైనా చేస్తారు. నాకు అసలు మంట పుట్టించింది చివరి పేరా. రాత్రిళ్లు కూడా జనం ఉండేలా హోటళ్లు రావాలట, జలపాతానికి రంగురంగుల లైట్లు పెట్టాలట. అది ఎగ్జిబిషన్ గ్రౌండు కాదు. 353 చదరపు కిలోమీటర్ల శ్రీ వేంకటేశ్వర జాతీయ వనంలో ముక్క, 1989లో ప్రకటించారు. 2010లో శేషాచలం కొండలన్నిటినీ కలిపి బయోస్ఫియర్ రిజర్వు, అంటే జీవావరణ రక్షిత ప్రాంతం అన్నారు. చీకటి పడ్డాకే బయటికొచ్చే దేవాంగపిల్లి ఆ చెట్ల మీద ఉంది. రాళ్ల సందుల్లో బంగారు బల్లి ఉంది. వాటికి రంగు లైట్లు ఎందుకు? ఇక రాత్రిపూట రాకపోకల సంగతంటారా, 2022 మార్చిలో నిశ్చితార్థానికి పోతున్నవాళ్ల బస్సు భాకరాపేట ఘాట్‌ రోడ్డులో లోయలో పడిందని మీ పేపర్లోనే మొదటి పేజీలో వేశారు. ఆ దారిలోనే జనాన్ని రాత్రిళ్లు రమ్మంటున్నారు.

మీ విలేఖరి రాయాల్సింది ఇంకొకటి ఉంది. అది మే నెలలోనే బాగా కనిపిస్తుంది. నీళ్లు తగ్గాక జలపాతం కింది గుండంలో రాళ్లు బయటపడతాయి కదా, ఆ రాళ్ల సందుల్లో ఏముందో చూడమనండి. నీళ్ల బాటిళ్లు, బీరు సీసాల పెంకులు, ఒంటి చెప్పులు, షాంపూ పాకెట్లు. అవును, షాంపూ. జలపాతం కింద తలంటుకునేవాళ్లున్నారు.

జనవరిలో మా మనవడిని తీసుకుపోయాను. ఊళ్లో ఉన్నప్పుడే బిడ్డలకు అడవి చూపిద్దామని నా ఆశ. మెట్ల దారిలో ఒక కోతి, పొట్టకు పిల్ల అతుక్కుని ఉంది, చిప్స్ పాకెట్లో తల దూర్చింది. తల బయటికి రాలేదు. ఆ పాకెట్‌తోనే గుడ్డిగా రెండు అడుగులు వేసి, రాయికి కొట్టుకుని, చేత్తో పీక్కుంది. చుట్టూ ఉన్నవాళ్లు ఒకటే నవ్వు, ఒకటే వీడియోలు. మావాడు మాత్రం నవ్వలేదు. "తాతా, పిల్ల కింద పడిపోయి ఉంటే?" అన్నాడు. ఇంకొంచెం పైకి పోతే గిల్లతీగ. మనిషి నడుమంత లావున మెలికలు తిరిగి చెట్టు నుంచి చెట్టుకు పాకే తీగ అది. నా చిన్నప్పుడు దాన్ని చూసి కొండచిలువ అనుకుని పరుగెత్తాను. ఇప్పుడు దాని మీద కత్తితో చెక్కిన పేర్లున్నాయి, మధ్యలో బాణం గుచ్చిన గుండెకాయలు. ఒక జంట తేదీ కూడా వేసుకున్నారు. వాళ్ల పెళ్లి అయిందో లేదో గానీ గిల్లతీగకు మాత్రం ఆ గాటు మిగిలింది.

ఇంటికొచ్చి ఒక ఆఫీసుకు ఫోన్ చేశాను. ఏ ఆఫీసో రాయను. "అది మా పరిధిలోకి రాదు సార్" అని ఇంకో నంబరిచ్చారు. ఆ నంబరువాళ్లు ఓపిగ్గా అంతా విని నాకు మళ్లీ మొదటి నంబరే ఇచ్చారు. మూడోసారి చేస్తే "మీరు ఎవరి తరఫున మాట్లాడుతున్నారు?" అని అడిగారు. కోతి తరఫున అని చెప్పి పెట్టేశాను.

చెయ్యలేక కాదండీ. ఇవే శేషాచలం కొండల్లో, అటుపక్క తిరుమల ఉంది. రోజుకు వేల మంది వస్తారు. అక్కడ ప్లాస్టిక్ నీళ్ల బాటిల్ అమ్మనివ్వరు. గాజు సీసాలున్నాయి, జలప్రసాదం కుళాయిలున్నాయి. అలిపిరిలో ప్రతి బండినీ ఆపి సంచులు విప్పి చూస్తారు, ఒక్కరూ కిక్కురుమనరు. అదే మనిషి, అదే కారు, మరుసటి రోజు తలకోనకు వచ్చేసరికి డిక్కీలో కేసు బీరు. స్వామి అటుపక్క కొండల్లోనే ఉన్నాడా ఏంది? ఇక్కడ తలకోన గుడిలో సిద్ధేశ్వరస్వామి లేడా? శివరాత్రికి మేం బండ్లు కట్టుకుని వచ్చేవాళ్లం. అన్నం మోదుగాకు విస్తర్లలో తినేవాళ్లం. తిన్నాక ఆ విస్తర్లు బండెద్దులే తినేసేవి. వెనక్కి పోయేటప్పుడు మేం వచ్చిన గుర్తు పొయ్యి రాళ్లు మూడు, అంతే.

ఒకసారి వాడి పారేసే కొన్ని రకాల ప్లాస్టిక్ వస్తువులను దేశమంతా 2022 జులై 1 నుంచి నిషేధించారు. ఆ సంగతి ఎవరికైనా గుర్తుందా? మాకు అన్నిటికీ రోజులున్నాయి. పర్యావరణ దినోత్సవం, వనమహోత్సవం. మొక్క నాటుతారు, ఒక మొక్కకు పదకొండు చేతులు, ఫొటో మీ పేపర్లో వస్తుంది. మరుసటి వారం ఆ మొక్కను మేక తింటుంది, అది రాదు. ఎర్రచందనం దొంగలను పట్టుకోవడానికి బలగాలు కావాలంటారు, ఒప్పుకుంటాను, ఈ కొండల్లో తప్ప పెద్దగా ఎక్కడా పెరగని చెట్టు అది. కానీ గేటు దగ్గర కారు డిక్కీ తెరిపించడానికి బలగాలు అక్కర్లేదు. ఇద్దరు మనుషులు, ఒక బల్ల చాలు. బాటిల్‌కు యాభై రూపాయలు డిపాజిట్ తీసుకుని ఖాళీ బాటిల్ తెస్తే వెనక్కివ్వండి. మా నెరబైలు పిల్లకాయలకు ఆ పని ఇచ్చినా సంతోషంగా చేస్తారు.

ఇంకొకటి. గుండంలోకి దూకి బిడ్డలు ప్రాణాలు పోగొట్టుకున్న వార్తలు కూడా మీ పేపర్లోనే చదివాం. పైకి మడుగులా నిదానంగా కనిపిస్తుంది, అడుగున బండల మధ్య సందులున్నాయి, మనిషి ఇరుక్కుంటే ఈత వచ్చినా లాభం లేదు. "పర్యాటకుల నిరాశ" గురించి అంత రాశారు, ఈ మాట ఒక్క వాక్యం రాసి ఉంటే బాగుండేది. తెలుగులో ఒకటి, తమిళంలో ఒకటి, కన్నడంలో ఒకటి, మూడు బోర్డులు గుండం ఒడ్డునే కనపడేలా పెట్టమని అడగండి. అది నిజంగా అధికారులు తీసుకోగలిగిన చర్య.

వానలు పడ్డాక మీ విలేఖరిని ఒకసారి పంపించండి. భాకరాపేటలో బస్సు దిగితే నేనే వెంట ఉండి చూపిస్తాను, మోకాళ్ల నొప్పులున్నా సరే. ఈ ఉత్తరం పొడుగైందని వేయలేకపోతే కనీసం ఆ 270 మీటర్లయినా సవరించి వేయండి. మా మనవడు బడిలో అడుగులనే రాసి వచ్చాడు. పేపర్లో మీటర్లని ఉందని వాళ్ల టీచరు కొట్టేసిందట.

ఇట్లు,
ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు,
భాకరాపేట